భూపతి గారి హస్తవాసి

సినిమా మొదలెట్టేటప్పుడు మనవాళ్లు చేసే హడావుడి మీకు తెలిసిందే. దేవుడి పటాలకు దండలు వేస్తారు, కొబ్బరికాయ కొడతారు, ఒక పెద్దమనిషి క్లాప్ కొడతాడు, ఇంకో పెద్దమనిషి కెమెరా స్విచ్ ఆన్ చేస్తాడు. ఆ రెండో పెద్దమనిషికి కెమెరా ఏ వైపు నుంచి చూస్తుందో కూడా తెలియనక్కర్లేదు. కెమెరామన్ ఆయన చూపుడువేలు పట్టుకుని, పిల్లాడికి అక్షరాభ్యాసం చేయించినట్టు, తీసుకెళ్లి ఎర్ర బటన్ మీద పెడతాడు. ఆయన నొక్కుతాడు. చప్పట్లు. ఆయన కాఫీకి కదలగానే కెమెరామన్ ఆ బటన్ మళ్లీ నొక్కి ఆపేస్తాడు. అసలు పని అప్పుడు మొదలవుతుంది. ఎన్నో ఏళ్లుగా ఇది సాఫీగా సాగిపోతూనే ఉంది. ఇందులో కూడా ఒక అపచారం ఉందని జాతీయ చలనచిత్ర సముద్ధరణ సంస్థ వారికి తోచేదాకా ఎవరికీ ఏ ఇబ్బందీ లేదు.

ఆ తోచడం ఎలా జరిగిందంటే, సంస్థ గౌరవ అధ్యక్షులు వీరభద్ర భూపతి గారు ఈ కథ మొదలవడానికి నెల ముందు ఎవరి సినిమాకో స్విచ్ ఆన్ చేశారు. మర్నాడు పేపర్లో వచ్చిన ఫొటోలో, భూపతి గారి వేలు ఇంకా బటన్ దగ్గరే ఉండగా, కెమెరామన్ చెయ్యి దాన్ని పక్కకు నెడుతున్నట్టు పడింది. భూపతి గారు ఏమీ అనలేదు. ఫొటో వంక రెండోసారి చూశారు, అంతే. ఆఫీసుకి అది చాలదూ? సాయంత్రం కాఫీలు తాగే వేళకి ఉత్తర్వు తయారైపోయింది.

ఈ సంగతేదీ తెలియకుండా, నుదుట బొట్టు పెట్టుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని ముహూర్తానికి వచ్చినవాడు తాళ్లూరి కోటిలింగం. ట్రాలీ తోయడంతో మొదలెట్టి, ఫోకస్ లాగి, పెద్ద కెమెరామన్లకు జ్వరాలొచ్చినప్పుడు వాళ్ల షాట్లన్నీ తీసిపెట్టి, జుట్టు నెరిసే వయసుకు వచ్చాడు. చేసిన సినిమాలు బోలెడు. పేరు మాత్రం ఎప్పుడూ చివర్లో, డ్రైవర్లతోనూ భోజనాలు వడ్డించినవాళ్లతోనూ కలిసి, రైలు పోయినట్టు పైకి పోయేది. భార్య సుభద్ర ప్రతి సినిమాకీ సీట్లోంచి లేచి నిలబడి వెతికేది. వెనకాలవాళ్లు "కూర్చోండమ్మా" అని అరిచేలోపు ఆ పేరు వెళ్లిపోయేది.

ఇప్పుడు సంస్థ డబ్బుతో తీస్తున్న ఈ చిత్రానికి లింగమే ఛాయాగ్రాహకుడు. మొట్టమొదటిసారి తెరమీద ఒక్కడి పేరే, మరో పేరు పక్కన లేకుండా పడబోతోంది. కృష్ణానగర్లో వాళ్లుండే వీధిలో ఈ సంగతి తెలియని మనిషి లేడు. సుభద్ర చెప్పని మనిషి లేడు మరి.

దర్శకురాలు పారిజాతకు కూడా ఇదే మొదటి సినిమా. గాజుల కొట్టు పిల్లకీ సిటీ బస్సు కండక్టరుకీ ప్రేమకథ. చక్కని కథ. చార్మినార్ దగ్గర పొద్దుటి ఎండ గాజుల మీద పడితే ఎలా తీయాలో లింగం మనసులో అప్పటికే తీసేసుకున్నాడు.

ముహూర్తం బాగానే జరిగింది. పటాల ముందు దీపం వెలుగుతుండగా భూపతి గారు వేలు చాచారు, లింగం ఆ వేలిని బటన్ మీద పెట్టాడు, ఎర్ర దీపం వెలిగింది. చప్పట్లయ్యాయి. భూపతి గారు అటు తిరిగారు. లింగం ఆపడానికి చెయ్యి చాచాడో లేదో, ఆ చేతిని గాల్లోనే ఎవరో పట్టుకున్నారు. సంస్థ ఉపసంచాలకులు అవధానుల విశ్వపతి గారు.

"ఏం చేయబోతున్నారు?"

"ఆపుతున్నానండీ. షాట్ అయిపోయింది కదా."

"దీనిని ప్రారంభించినది ఎవరు?"

"భూపతి గారు."

"తమరి హోదా?"

"కెమెరామన్‌నండీ."

"అనగా, గౌరవ అధ్యక్షుల వారు ప్రారంభించిన కార్యక్రమమును ఒక కెమెరామన్ నిలుపుదల చేయ సంకల్పించారు." విశ్వపతి గారు జేబులోంచి ఉత్తర్వు తీసి, సభలో చదివినట్టు చదివారు. "గౌరవ అతిథులచే ప్రారంభింపబడిన ఏ యంత్రమునైనను, తత్సమానమగు లేక తదధికమగు హోదా గలవారు తప్ప అన్యులు నిలుపుదల చేయరాదు."

లింగానికి సగం అర్థమైంది. ఆ సగానికే నోరు తెరిచాడు. పారిజాత మాత్రం చురుకైనది. "దానికేముంది, ఆయన్నే వచ్చి ఆపమందాం" అని కారు దగ్గరకు పరుగెత్తింది.

భూపతి గారు కారు అద్దం దించి, విషయం విని, పకపకా నవ్వారు. "అమ్మాయ్, నా హస్తవాసి గురించి విన్నావా? ఈ చేత్తో నేను తెరవని బట్టల కొట్టు లేదు ఈ ఊళ్లో. బ్యాంకులు, ఆస్పత్రులు, వంతెనలు! ఒక్కటైనా ఆగిందా?"

వాటిలో ఏవేవి మూతపడ్డాయో డ్రైవరుకు బాగా తెలుసు. అతను స్టీరింగు వంకే చూస్తూ కూర్చున్నాడు.

"అలాంటి చేత్తో ఆపమంటావా? ఒక్కసారి ఆపానని తెలిస్తే ఇంక నన్ను రిబ్బను కట్ చెయ్యడానికి ఎవడు పిలుస్తాడమ్మా? ఆపడం, గీపడం నాకు అచ్చిరాదు. నువ్వు తీసుకో, హాయిగా తీసుకో." కారు వెళ్లిపోయింది.

కెమెరా తిరుగుతూనే ఉంది.

మధ్యాహ్నం దాకా అది దేవుడి పటాల్నే చూసింది. అగరొత్తులు కాలిపోయాయి. ఒక చీమ లడ్డూ ఎక్కి దిగింది. యూనిట్ అంతా చుట్టూ కూర్చుని ఆ చీమను చూశారు. చివరికి లింగం ఉండబట్టలేక, "పోనీ లెన్సుకు మూత పెట్టనా అండీ?" అన్నాడు. విశ్వపతి గారు న్యాయ సలహాదారుకు ఫోన్ చేసి, చాలాసేపు 'ఆహా, ఆహా' అని, తీర్పు చెప్పారు. "మూత పెట్టుట నిలుపుదల కాదు. కానీ గౌరవ అధ్యక్షుల వారు తెరిచిన దృష్టిని కప్పిపుచ్చుట అగును. అది మరింత తీవ్రమైన విషయం."

"లింగం గారూ, ఇది ఎలాగూ ఆగేట్టు లేదు" అంది పారిజాత. "మనమే దీని ముందుకెళ్లి సినిమా చేసుకుందాం. అక్కర్లేనిదంతా ఎడిటింగులో తీసేద్దాం."

అది విని అందరికీ ప్రాణం లేచొచ్చింది. షూటింగు మొదలైంది. పారిజాత మొదటి షాట్ చివర "కట్" అనగానే విశ్వపతి గారు కుర్చీలోంచి లేచారు. ఆ ఆజ్ఞ ఎవరికి, కెమెరాకా అని అడిగారు. నటులకేనని ఆవిడ ఒట్టేసింది. అయితే నటులు మాత్రమే ఆగవచ్చునని రాసుకుని కూర్చున్నారు.

కరెంటు వైరు తగిలించి ఉంటే బ్యాటరీ గోల లేదు. ఒక కార్డు నిండేలోపు రెండోది పెడితే చాలు. కనుక ఆ కెమెరాకు అలుపు లేదు. అలుపంతా లింగానిదే. ఒక చోటు నుంచి ఇంకో చోటుకు వెళ్లాలంటే దాన్ని భుజాన పెట్టుకుని, ఎర్ర దీపం వెలుగుతుండగా, వ్యానులో కూర్చునేవాడు. ముందు విశ్వపతి గారి కారు. ఆయనకు అప్పటికి 'నిరంతరతా పర్యవేక్షణాధికారి' అని కొత్త హోదా, దానికో సైరనూ వచ్చాయి. అమీర్‌పేట ట్రాఫిక్‌లో సైరను మోగుతూనే ఉండేది, కారు మాత్రం ఉన్నచోటే ఉండేది. పక్కన ఆగిన బైకులవాళ్లు కెమెరాకు టాటాలు చెప్పేవాళ్లు, దువ్వెనలు తీసి తల దువ్వుకునేవాళ్లు. ఒకాయన సిగ్నల్ పడేలోపు తన అప్పుల సంగతంతా చెప్పుకున్నాడు.

సాయంత్రం షూటింగు ముగిశాక ఆ కెమెరా ఎక్కడికి పోతుంది? లింగం ఇంటికే. తలుపు తీసిన సుభద్ర ఎర్ర దీపం చూసి కెవ్వుమంది.

"ఏవండీ, ఇదేం ఖర్మ! దాన్ని కాస్త గోడవైపు తిప్పండి. నేను నైటీలో ఉన్నాను."

"గోడవైపు తిప్పితే ఎందుకు తిప్పామో సంజాయిషీ రాయాలట."

"ఎన్నాళ్లిలా?"

"ఆపడానికి సరిపడే పెద్దమనిషి దొరికేదాకా."

సుభద్ర రెండ్రోజులు తిట్టుకుంది. మూడోరోజు పట్టుచీర కట్టుకుని పప్పు తాలింపు వేసింది. వారం తిరిగేసరికి వీధంతా ఆ ఇంట్లోనే ఉంది. ఎదురింటి టీచరమ్మ కూరగాయల ధరల మీద ఉపన్యాసం ఇచ్చింది. పక్కింటి వాళ్ల పిల్ల కెమెరా ముందు మూడు కీర్తనలు పాడి, నాలుగోదానికి నీళ్లు తాగొచ్చింది. వచ్చినవాళ్లందరికీ సుభద్ర కాఫీలిచ్చి, "మా ఆయన పేరు ఒక్కటే పడుతుందిట తెరంతా" అని మళ్లీ మొదట్నుంచి చెప్పేది. లింగం సిగ్గుపడుతున్నట్టు కార్డు మార్చుకుంటూ ఉండేవాడు. లోపల మాత్రం భలే ఆనందంగా ఉండేది.

కథలో ముఖ్యమైన సన్నివేశాలు అయిపోవస్తున్నాయనగా సంస్థ ప్రధాన కార్యాలయంలో సమీక్షా సమావేశం పెట్టారు. కెమెరాను వదిలి రాలేక లింగం దాన్ని కూడా తెచ్చి మూల నిలబెట్టాడు. సభ్యులందరూ శాలువలు సర్దుకుని, తమ మంచివైపు దానికి కనిపించేట్టు కూర్చున్నారు.

పారిజాత ఎడిటింగు మాటెత్తగానే విశ్వపతి గారు గొంతు సవరించుకున్నారు. "ఎడిటింగు అనగా తొలగించుట. గౌరవ అధ్యక్షుల వారి హస్తముచే ప్రారంభమైనదానిలో ఏ క్షణమును తొలగించినను, వారి హస్తవాసిని ఆ మేరకు తొలగించినట్లే. కావున అనుమతి లేదు. చేర్చుటకు అభ్యంతరం లేదు. పేర్లు మొదలగునవి ముందును వెనుకను చేర్చుకొనవచ్చును."

"సార్! తీసిందంతా వేస్తే సినిమా ఎంతసేపుంటుందో తెలుసా? రోజుల తరబడి ఆడుతూనే ఉంటుంది!" పారిజాత దాదాపు ఏడుస్తోంది.

భూపతి గారు ఒక్కసారి నిటారుగా కూర్చున్నారు. "ఏమన్నావు? ఎన్ని రోజులాడుతుంది?"

"ఎన్ని రోజులు తీస్తే అన్ని రోజులండీ."

"వంద రోజులు తీస్తే?"

"వంద రోజులు ఆడుతుంది. ఒకే ఆట."

"అంటే ఇలా విడుదల చేస్తే అలా శతదినోత్సవం ఖాయమన్నమాట!"

"మధ్యలో కరెంటు పోకపోతే ఖాయమేనండీ" అన్నాడో సభ్యుడు భక్తిగా.

ఈ రోజుల్లో సినిమా రెండో శుక్రవారం చూడటమే గగనం. అలాంటిది, మొదటి ఆట ముగియకముందే వంద రోజులు! సభ్యులు బల్లలు చరిచారు. వెండి జ్ఞాపికలు ఎలా ఉండాలో అక్కడికక్కడే ఉపసంఘం వేశారు. వంద రోజులు నిండేదాకా కెమెరా ఆగకూడదని తీర్మానమైంది. ఇప్పటిదాకా ఆపలేకపోయారు. ఇకమీద ఆపకూడదు. ఇంత తేడాని లింగం గమనించాడు గానీ ఎవరికి చెబుతాడు?

తరువాత పేర్ల విషయం వచ్చింది. విశ్వపతి గారు కాగితం చూసి చదివారు. "ఛాయాగ్రహణం, శ్రీ వీరభద్ర భూపతి."

లింగం తను సరిగ్గా వినలేదనుకున్నాడు. "అదేంటండీ? తీస్తున్నది నేను కదండీ?"

"తమరు ఈ కెమెరాను ఎన్ని పర్యాయములు ఆన్ చేశారు?"

"ఒక్కసారి కూడా లేదండీ. ఆపనిస్తే కదా మళ్లీ ఆన్ చేయడానికి!"

"తమరే ఒప్పుకున్నారు. చిత్రమంతయు ఒకే షాట్. ఆ షాట్ ప్రారంభించినవారు అధ్యక్షుల వారు. తమరు మోశారు. తమ శ్రమను సంస్థ విస్మరించదు. 'కెమెరా మోయుటలో సహకరించినవారు' అను శీర్షికన, వ్యాను డ్రైవరు ప్రభృతులతో కలిపి తమ పేరును చేర్చెదము."

భూపతి గారు మొహమాటపడ్డారు. "నాకెందుకయ్యా ఇవన్నీ" అన్నారు. కానీ తీసేయమనలేదు.

ఆ సాయంత్రం లింగం ఇంటికొచ్చి, కెమెరాను స్టాండు మీద పెట్టి, మంచినీళ్లు కూడా తాగకుండా కూర్చున్నాడు. సుభద్ర అడగ్గా అడగ్గా చెప్పాడు. ఆవిడ చేతిలో గరిటె అలాగే పట్టుకుని నిలబడిపోయింది.

"మళ్లీ గుంపులోనేనా?"

"మళ్లీ గుంపులోనే."

"నాకు ఏడుపొస్తోందండీ" అంది, ఏడ్చేసింది కూడా. "ఒక్కసారి నొక్కినాయన కెమెరామనా? మరి నేను రోజూ స్టవ్ వెలిగిస్తాను, వంటంతా అగ్గిపెట్టె చేసిందంటారా? ఆ దిక్కుమాలిన దాన్ని ఆపి పారెయ్యండి!"

"ఆపితే ఇంక పరిశ్రమలో అడుగుపెట్టనివ్వరే."

ఇదంతా కెమెరా శ్రద్ధగా చూసింది. లింగానికి ఒళ్లు మండిపోయింది. అయినా కార్డు నిండొస్తోందని లేచి కొత్త కార్డు పెట్టాడు. అలవాటు అలాంటిది.

వంద రోజులు నిండే రోజున స్టూడియోలో ముగింపు సభ పెట్టారు. వేదిక, పూలు, బ్యానర్లు, అన్నీ ఉన్నాయి. ఆపేవాళ్లే లేరు. భూపతి గారితో సమానమైన హోదా ఉన్నవాళ్లందరికీ విశ్వపతి గారు కబురు పెట్టారు. సంస్థ మాజీ అధ్యక్షుడు, "నా రోజులు అయిపోయాయని నలుగురికీ చూపించడానికా?" అని ఫోన్ పెట్టేశారు. ఒక స్వామీజీ తాము ఆరంభాలను మాత్రమే ఆశీర్వదిస్తామని, అంతాల శాఖ వేరని సెలవిచ్చారు. ఒక విశ్రాంత న్యాయమూర్తి ఒప్పుకున్నారు గానీ, కారెక్కాక ఇంట్లోవాళ్లు 'మీకెందుకండీ, ఈ వయసులో ఆపడాలూ అవీ' అనడంతో దిగిపోయారు.

వేదిక మీద గుసగుసలు మొదలయ్యాయి. భూపతి గారు మైకు అందుకున్నారు.

"ఆపడం దేనికయ్యా అసలు? వందే ఎందుకు? రజతోత్సవం దాకా పోనిద్దాం! అదయ్యాక స్వర్ణోత్సవం! నా చెయ్యి మంచిది, మీరేం భయపడకండి!"

చప్పట్లు మోగాయి. పారిజాత ముఖం చేతుల్లో దాచుకుంది. గాజుల కొట్టు పిల్లగా వేసిన అమ్మాయికి పెళ్లి కుదిరింది, కండక్టరుగా వేసిన అబ్బాయికి అప్పుడే పొట్ట వచ్చేసింది. కథ ఎప్పుడో ముగిసి, హీరో హీరోయిన్లు ఎవరి ఇళ్లకు వాళ్లు వెళ్లిపోయారు కూడా. లింగం కెమెరా వెనకాల నిలబడి, వేదిక మీద వెలుగుతున్న ఆ ముఖాల్ని వ్యూఫైండర్లో చూశాడు. ఈ లెక్కన తను చచ్చేదాకా దీన్ని మోయాలి, చచ్చాక తన పేరు వ్యాను డ్రైవరు పేరు కింద పడుతుంది. ఇంకేం మిగిలింది పోవడానికి?

చెయ్యి చాచాడు. బటన్ నొక్కాడు.

ఎర్ర దీపం ఆరిపోయింది.

"ఎవరు?" అన్నారు విశ్వపతి గారు, చూస్తూ చూస్తూనే. "ఎవరు నిలుపుదల చేసినది?"

"నేనేనండీ. తాళ్లూరి కోటిలింగం" అన్నాడు.

అందరూ భూపతి గారి వంక చూశారు. ఆయన మాత్రం తన కుడిచేతిని శాలువలో దాచేసుకున్నారు. ముఖంలో రంగు లేదు. "నా చెయ్యి కాదు! అందరూ చూశారుగా? నా చెయ్యి ఇక్కడుంది!"

"కళ్లారా చూశాము" అన్నారు సభ్యులు.

"ఇక్కడున్నవాళ్లు చూస్తే సరా? రేపు జనం సినిమా చూసి, భూపతే మొదలెట్టాడు, భూపతే ఆపేశాడు అనుకుంటే నా హస్తవాసి ఏం కావాలయ్యా? తెరమీద రాయండి, ఎవరు ఆపారో. స్పష్టంగా! పెద్ద పెద్ద అక్షరాలతో! పక్కన ఇంకెవరి పేరూ ఉండకూడదు, పొరపాటున కూడా వాళ్ల హస్తం ఉందని ఎవరూ అనుకోకూడదు!"

"ఉదాహరణీయమైన శిక్ష" అంటూ విశ్వపతి గారు రాసుకున్నారు. "ఒక్క పేరే. ఎర్ర అక్షరాలతో. తెర నిండుగా."

లింగం అడిగాడు. "ఎంతసేపు ఉంచుతారండీ?"

"ప్రజలు మీ దుశ్చర్యను మనసుకు పట్టించుకొనునంతసేపు!" అని గర్జించారు విశ్వపతి గారు.

సినిమా విడుదలైంది. ఊళ్లో ఒకే ఒక్క థియేటరు ఒప్పుకుంది. మొదటి రోజు వచ్చినవాళ్లు చీమ లడ్డూ ఎక్కి దిగడం చూసి లేచి వెళ్లిపోయారు. కానీ అవి మండుటెండలు, లోపల ఏసీ ఉంది, ఆట ఎప్పటికీ అయిపోదు. కనుక నెమ్మదిగా జనం చేరారు. పరీక్షలకు చదువుకునేవాళ్లు, పెరుగన్నం క్యారియర్లతో ముసలివాళ్లు, పెళ్లిచూపులవాళ్లు. అమీర్‌పేట ట్రాఫిక్ భాగం వచ్చిన వారం హాలు కిటకిటలాడింది. "అదుగో నా బండి!" అంటూ ఈలలు. గాజుల మీద పొద్దుటెండ పడిన చోట మాత్రం ఎవరూ అరవలేదు, తింటున్నవాళ్లు కూడా ఆపి చూశారు. రాత్రుళ్లు లింగం గురక నాలుగు వైపుల స్పీకర్లలోంచీ వినిపించేది. దానికీ అలవాటు పడిపోయారు.

వందో రోజు వెండి జ్ఞాపికలతో, దండలతో సంస్థ మొత్తం తరలివచ్చింది. భూపతి గారు ముందు వరుసలో. లింగం, సుభద్ర వెనక ఎక్కడో గోడవార. ఆవిడ పట్టుచీర కట్టుకోలేదు. "శిక్ష చూడ్డానికి పట్టుచీరెందుకు" అంది.

తెరమీద ముగింపు సభ వచ్చింది. మైకు పట్టుకున్న భూపతి గారు తెరంతా నిండి, "రజతోత్సవం దాకా పోనిద్దాం! అదయ్యాక స్వర్ణోత్సవం!" అన్నారు. హాలంతా ఒక్కసారి "అమ్మో!" అంది. ఒక పెద్దాయన క్యారియరు గిన్నె చేతిలోంచి జారిపోయింది. "మా వల్ల కాదు బాబోయ్" అని ఎవరో అరిచారు.

ఠక్కున తెర చీకటైంది. ఆ చీకటిలో ఎర్రటి అక్షరాలు పడ్డాయి, మేడంత ఎత్తున.

ఈ కెమెరాను ఆపినవారు
తాళ్లూరి కోటిలింగం

పైకప్పు లేచిపోయింది. ఈలలు, కేకలు, చింపిన కాగితాల వాన. కుర్చీలెక్కి గంతులేశారు. "లింగమన్నా! నీ కడుపు చల్లగుండ!" అని ముసలమ్మలు కూడా అరిచారు. విశ్వపతి గారి ఆజ్ఞ ప్రకారం ఆ పేరు తెరమీద నిలిచి ఉంది, ఎంతకీ పోవడం లేదు. భూపతి గారు వెనక్కి తిరిగి, చప్పట్లు ఎవరికో తెలియక, తనూ కొట్టారు.

సుభద్ర ఆ పేరును మొదటి అక్షరం నుంచి చివరి అక్షరం దాకా చదివింది. మళ్లీ చదివింది. కొంగుతో కళ్లు తుడుచుకుని, "ఎంత బాగుందండీ ఎరుపు!" అంది. లింగం భార్య చెయ్యి గట్టిగా పట్టుకుని తెర వంకే చూస్తూ ఉండిపోయాడు.

వాళ్లను ఎవరో గుర్తుపట్టారు. జనాన్ని తోసుకుంటూ ఒక లావాటి నిర్మాత వచ్చి, లింగం రెండు చేతులూ అందుకున్నాడు. "అన్నా, నువ్వు దేవుడివి! మా హీరోగారి సినిమా మూడేళ్లుగా తీస్తూనే ఉన్నారు, ఆగట్లేదు. నువ్వొచ్చి ఒక్క నొక్కు నొక్కు. ఏం కావాలంటే అదిస్తాను!"

లింగం నోరు తెరిచేలోపు సుభద్ర ముందుకొచ్చింది.

"ఆపడానికి మా ఆయన రారండీ" అంది. "కొత్త సినిమా ఏదైనా ఉంటే చెప్పండి, వస్తారు. ఆన్ చేసేది కూడా ఆయనే. ఇంకెవరి వేలూ దాని మీద పడకూడదు. మీకిష్టమైతే రేపు పొద్దున్నే ఇంటికి రండి, కాఫీ తాగి మాట్లాడుకుందాం."